బీలను బంజరని రాసిన వేసవి

నా ఉద్యోగంలో ఆఖరి బదిలీ నౌపడ వైపు ఒక మండలానికి. పదవీ విరమణకు అప్పటికి రెండేళ్లు కూడా లేవు. ఎండలు ముదురుతున్న రోజుల్లో, ఏప్రిల్ నెలాఖరున మండల సర్వేయరుగా చేరాను. మా శాఖలో భూమి కొలిచే ఇనుప గొలుసు మూలపడి, ఉపగ్రహాలతో మాట్లాడే రోవరు చేతికొచ్చిన కొత్త అది. ముప్పై ఏళ్లకు పైగా గొలుసు లాగినవాణ్ణి. కర్ర చివర తెల్లటి పుట్టగొడుగులా ఉండే ఆ యంత్రాన్ని చూసి మొదట నవ్వుకున్నాను, తర్వాత అదే లేకపోతే పని తోచని స్థితికి వచ్చాను.

నాది చీపురుపల్లి. మా నాన్నగారికి బజారులో తాళ్లు, చాపలు, చేటలు అమ్మే కొట్టు ఉండేది. ఇంట్లో గవర్నమెంటు ఉద్యోగం మెట్లెక్కిన మొదటివాణ్ణి నేనే. సర్వీసంతా మెట్ట మండలాల్లో గడిచింది. జీడితోటలు, మామిడితోటలు, ఎర్రమట్టి గరువులు కొలిచి కొలిచి తల నెరిసింది. మెట్ట భూమి మొహం ఏడాది పొడుగునా పెద్దగా మారదు. ఉగాదికి చూసిన గట్టు దీపావళికీ అక్కడే ఉంటుంది. భూమంటే అలాగే ఉంటుందని నాకో గట్టి నమ్మకం. నీళ్లలో ఉండే భూమిని నేనెప్పుడూ కొలవలేదు.

మా పని తెలియనివారి కోసం నాలుగు మాటలు చెప్పాలి. రెవిన్యూ రికార్డులో ప్రతి సర్వే నంబరుకీ ఒక వర్గం ఉంటుంది. రైతు పేరున ఉండి పన్ను కట్టేది జిరాయితీ. ఊరందరి అవసరానికి వదిలిన చెరువు, దారి, శ్మశానం వంటివి పోరంబోకు. ఆ మాట తమిళదేశం నుంచి వచ్చిందని, లెక్కకు వెలుపల ఉన్నదని దానికి అర్థమని మా పాత తహసీల్దారు ఒకాయన చెప్పేవారు. జనం దాన్ని మనుషులకు తగిలించి తిట్టు చేసుకున్నారు. మా ఉత్తరాంధ్ర పాత అడంగళ్లలో గయాళు అని ఇంకొకటి కనబడుతుంది. సాగు వదిలేసిన భూమి అని దానికి అర్థం చెప్పుకునేవాళ్లం. ఇవేవీ కానిది బంజరు. సాగు లేదు, యజమాని లేడు, ప్రభుత్వానిది.

మాలో మాకు ఆ మాట ఇంకోలా కూడా వాడుక. బస్సు సరిగా లేని మండలం, టీ దొరకని ఊరు, ఫోనులో సిగ్నల్ రాని కొండమూల, అన్నీ మాకు బంజరే. నాకీ బదిలీ వచ్చినప్పుడు తోటి సర్వేయరొకడు ఫోన్ చేసి, "ఆఖరికి బంజర్లో పడ్డావురా" అని ఎంతో జాలిపడ్డాడు. నేనూ నవ్వాను. ఆ మాట అనేవాడు ఎప్పుడూ దూరాన కూర్చునే అంటాడని అప్పటికి నాకు తోచలేదు.

చేరిన వారానికే తహసీల్దారుగారు పిలిచారు. వయసులో నాకంటే చాలా చిన్నావిడ, పనిలో చాలా గట్టి మనిషి. మండలంలో ప్రభుత్వ ఖాళీ భూముల జాబితా పై నుంచి అడిగారని, నంబరువారీగా చూసి ఈ నెలలోనే నివేదిక ఇమ్మని చెప్పారు. నమూనాలో ఆరు గడులున్నాయి. సర్వే నంబరు, విస్తీర్ణం, వర్గం, ప్రస్తుత స్థితి, ఆక్రమణ, రిమార్కులు. ఈ ఆరు గడులు నింపడం మాకు అన్నం తిన్నంత సులువు. పైగా వేసవి మా సర్వేయర్ల సీజను. పొలాలు ఖాళీగా ఉంటాయి, బురద ఉండదు, పైరు తొక్కారని తగవు ఉండదు. పనులన్నీ వేసవికే పెట్టుకోవాలని మా పెద్దలు నాకు నేర్పారు, నేను నా కిందివాళ్లకు నేర్పాను.

ఆ జాబితాలో ఒక పెద్ద నంబరు ఉంది. ఊరి పేరు రాయను, ఫైలు ఇంకా పూర్తిగా మూతపడలేదు. రోడ్డుకి ఆనుకుని తూర్పుగా ఉప్పుటేరు దాకా పరుచుకున్న పల్లం అది. రికార్డులో బంజరు. ఊళ్లో దాన్ని బీల అంటారని గ్రామ సహాయకుడు సింహాచలం చెప్పాడు. సింహాచలం యాభై దాటినవాడు, తండ్రి తరం నుంచీ తలయారీ పని. మేమిద్దరం మే నెలలో ఒక మిట్టమధ్యాహ్నం అక్కడికి వెళ్లాం. నేల పర్రెలు విచ్చి ఉంది. అక్కడక్కడ కాల్చిన గడ్డి మోళ్లు నల్లగా ఉన్నాయి. మనిషి లేడు, పశువు లేదు, హద్దురాయి లేదు. ఎండకు కళ్లు తిరుగుతున్నాయి. ఇక్కడికి ఎవరూ రారా అని అడిగాను.

"ఈ కాలంలో ఎవులుంతారు బాబూ?" అన్నాడు సింహాచలం.

నాకు కావలసిన జవాబు దొరికింది. మరి ఏ కాలంలో ఉంటారు అని అడగడం నా ధర్మం. అడగలేదు. బండి దగ్గరికి నడిచి, నీడలో కూర్చుని, ప్రస్తుత స్థితి గడిలో 'బంజరు, ఖాళీ' అనీ, ఆక్రమణ గడిలో 'లేదు' అనీ రాశాను. రిమార్కుల గడిలో ఒక గీత గీశాను. ఆ గీతను చాలా తిన్నగా గీశానని నాకు గుర్తు.

తర్వాత జరగవలసినవి జరిగాయి. ఆ నంబరును ఒక ప్రైవేటు కంపెనీ గిడ్డంగులకు ఇవ్వాలని ప్రతిపాదన వచ్చింది. అభ్యంతరాలుంటే చెప్పుకోవాలని గ్రామ సచివాలయం బోర్డు మీద నోటీసు అంటించారు. గడువు జూన్ మొదటివారంతో ముగిసింది. ఒక్క అభ్యంతరమూ రాలేదు. పని సాఫీగా జరిగిందని తహసీల్దారుగారు నన్ను మెచ్చుకున్నారు కూడా.

కార్తీకమాసం మొదట్లో, భూమి అప్పగించడానికి హద్దులు గుర్తించి రాళ్లు పాతించమని నాకు ఉత్తర్వు వచ్చింది. సింహాచలాన్ని వెంటబెట్టుకుని ఉదయాన్నే రోవరుతో వెళ్లాను. బండి దిగి, తప్పు చోటికి వచ్చామేమోనని పక్కకు చూశాను. సర్వే నంబరు అదే. కానీ నేను మేలో చూసిన నేల లేదు. రోడ్డు అంచు నుంచి ఉప్పుటేరు దాకా నడుమెత్తు తుంగ పచ్చగా నిలబడి ఉంది. మొదళ్లలో మోకాలి లోతు నీళ్లు. తుంగలో ఆడవాళ్ల తలలు కనబడుతున్నాయి. కొడవళ్లు కోస్తున్న చప్పుడు వస్తోంది. గట్టు మీద మూడు వెదురు కర్రలు కట్టి, చీర ఉయ్యాల వేసి, అందులో ఒక పసిపిల్లను పడుకోబెట్టారు.

నేను రోవరు కర్ర పట్టుకుని గట్టు దిగి రెండడుగులు వేశానో లేదో, లోపలి నుంచి ఒక కేక.

"ఆగండి బాబూ, ఆగండి! ఆ ముడి తొక్కీసినారంటే ఇద్దరాడోల్లకి తగువెట్టీసినోరు అవుతారు!"

నా కాలి కింద చూసుకున్నాను. నాలుగైదు తుంగపోచలు కలిపి మెలిపెట్టి ముడి వేసి ఉన్నాయి. రెండు బారల అవతల ఇంకో ముడి, దాని అవతల ఇంకొకటి. తలెత్తి చూస్తే ఆ ముళ్ల వరస తుంగలోకి తిన్నగా వెళ్లిపోతోంది. దానికి ఎడమన మరో వరస, కుడిన మరో వరస. అది హద్దు గీత. నేను రాయి కోసం వెతికిన చోట ముడి ఉంది.

కేక వేసిన మనిషి పేరు గున్నమ్మ. డెబ్బై దాటి ఉంటుంది. చీర కుచ్చెళ్లు మోకాళ్ల పైకి దోపుకుని, కొడవలి భుజాన వేసుకుని గట్టెక్కి వచ్చింది. నా చేతిలో యంత్రాన్ని కిందికీ పైకీ చూసింది.

"ఇదేటి గొడుగు బాబూ? ఎండకీ ఆగదు, వానకీ ఆగదు."

కొలతకు వచ్చానని చెప్పాను.

"ఏటి కొలుత్తారు? మేం కొలిసీసినాం గదా, దసరా ఎల్లిన మంగలారం నాడే," అంది.

ఎలా కొలిచారో చెప్పమని అడిగాను. గున్నమ్మ చెప్పింది, మధ్యమధ్య తుంగలోంచి మిగతావాళ్లు అందించారు. ఆ ఊళ్లో ముప్పై పైచిలుకు కుటుంబాలకు ఈ తుంగే ఆధారం. కోసి, ఎండబెట్టి, చీల్చి చాపలు నేస్తారు. దసరా వెళ్లిన మొదటి మంగళవారం ఆడవాళ్లంతా బీలలోకి దిగి ముళ్లు వేసుకుంటారు. ఎవరి ముడి వరస ఎక్కడ మొదలవాలో వయసులో పెద్దది చెబుతుంది. ఆ పెద్దరికం ఇప్పుడు గున్నమ్మది. వయసులో ఉన్నవాళ్లకు లోతు. మోకాళ్ల నొప్పులవాళ్లకు మెరక. పాలిచ్చే తల్లులకు గట్టు పక్కన.

"గట్టు పక్కన ఎంత మేర?" అని అడిగాను. అది నా వృత్తి అలవాటు, ఎంత అన్నది తేలకపోతే నాకు మనసు కుదుటపడదు.

"పిల్ల ఏడిస్తే తల్లికి ఇనబడినంత మేర," అంది గున్నమ్మ. "అంతకి మించి లోనికెల్తే పిల్ల ఏడిసినా తెలీదు బాబూ. తల్లికి పాలు సేపులొచ్చి ఏటి లాభం?"

గట్టుకు దగ్గరలో కోస్తున్న రాజులమ్మ అనే పిల్ల సిగ్గుపడి నవ్వింది. ఉయ్యాలలో ఉన్నది దాని కూతురే. రాజులమ్మకు ఇరవై, ఇరవైరెండేళ్లు ఉంటాయేమో. ఆమె వరసలో ముళ్లు గట్టు నుంచి ఇరవై అడుగులు దాటలేదు. ఎకరాలు, సెంట్లు, లింకులు, మీటర్లు అన్నీ వాడినవాణ్ణి నేను. ఆ కొలత ఏ మాన్యువల్లోనూ చూడలేదు. అంతకన్నా కచ్చితమైన కొలత ఇవాళ్టికీ నాకు తెలియదు.

ఇంకొకటి అడగవలసి ఉంది. వేసవిలో నేను వచ్చినప్పుడు మీరెవరూ లేరేమని అడిగాను.

"ఉప్పు మల్లకి ఎల్లిపోతాం గదా," అంది, ఇది తెలియనివాడూ ఉంటాడా అన్నట్టు. మాఘం వెళ్లేసరికి బీల ఎండుతుంది. మోళ్లు కాల్చేస్తారు, తొలకరికి మళ్లీ చిగుర్లేస్తుందని. ఆ తర్వాత ఇంటిల్లిపాదీ నౌపడ ఉప్పు మళ్లలో పనికి వెళతారు. తొలకరి చినుకు పడి ఉప్పు పని ఆగేదాకా ఊళ్లో ముసలివాళ్లు తప్ప ఉండరు. మా నోటీసు సచివాలయం బోర్డు మీద ఉన్నన్నాళ్లూ ఆ ఊరు ఉప్పు మళ్లలో ఉంది. మా సీజనూ వాళ్ల సీజనూ ఎప్పుడూ కలవవు.

మా కొట్లో అమ్మిన చాపలు గుర్తొచ్చాయి. నౌపడ చాప అని నాన్నగారు వాటిని విడిగా, తడి తగలకుండా అటక మీద పెట్టేవారు. నేను పుట్టింది, చదివింది, పెళ్లయ్యేదాకా పడుకున్నది వాటి మీదే. అది ఏ నీళ్లలో మొలిచిందో, ఎవరు కోశారో ఒక్కనాడూ అడగలేదు. నాకు చాలా సిగ్గేసింది.

ఇక దాచడం కుదరదు. గట్టు మీద కూర్చున్నాను. ఈ భూమిని కంపెనీకి ఇవ్వబోతున్నారనీ, నేను రాళ్లు పాతించడానికి వచ్చాననీ చెప్పాను. కొడవళ్ల చప్పుడు ఒక్కొక్కటే ఆగిపోయింది. రాజులమ్మ నీళ్లలోంచి వచ్చి పిల్లను ఎత్తుకుంది.

"ఎందుకిత్తన్నారు?" అంది గున్నమ్మ.

ఖాళీగా ఉందని రికార్డయిందని చెప్పాను.

"కాలీ అని ఎవులు రాసినారు?"

రికార్డు రాసింది ఆఫీసు అనొచ్చు. పై నుంచి వచ్చిందనొచ్చు. మా శాఖలో ఇలాంటి ప్రశ్నలకు తయారుగా ఉండే జవాబులు పది దాకా ఉన్నాయి, పదీ నేను వాడినవే. ఆ ముసలావిడ మొహంలోకి చూశాను.

"నేనే రాశానమ్మా," అన్నాను.

"నువ్వా?"

అంతవరకూ మీరు, బాబు అన్న మనిషి నువ్వులోకి వచ్చింది. మా వైపు కోపం వచ్చినా నువ్వే, మనవాడనుకున్నా నువ్వే. అది ఏదో ఆ క్షణాన నాకు తేలలేదు.

"కల్లు బాగానే ఉన్నాయి గదా నీకు?"

ఉన్నాయన్నాను.

"మరి ఇప్పుడు సూసినావు గదా. మరల రాసీ."

అంతే అంది. ఏడవలేదు, కాళ్లు పట్టుకోలేదు, శాపనార్థాలు పెట్టలేదు. తప్పు లెక్క చేసిన పిల్లాడికి పలక చేతికిచ్చినట్టు చెప్పి, కొడవలి తీసుకుని మళ్లీ నీళ్లలోకి దిగింది. ఆవిడ దిగాక మిగతావాళ్లూ పనిలో పడ్డారు. తిట్టినా బాగుండేదనిపించింది.

మరల రాయడం ఆవిడ అనుకున్నంత సులువు కాదు. సర్వేయరు నివేదిక ఒకసారి పై ఆఫీసుకు వెళ్లాక, దాన్ని సర్వేయరే కాదంటే రెండే అర్థాలు తీస్తారు. అప్పుడు పని చేయకుండా రాశాడు, లేదా ఇప్పుడు ఎవరి మాటో విని రాస్తున్నాడు. రెండింటికీ సంజాయిషీ నోటీసు తప్పదు. విరమణకు ఏడాదిన్నర కూడా లేనప్పుడు నోటీసంటే ఉద్యోగస్తుడి ఇంట్లో పొయ్యి సరిగా వెలగదు. ఆ సాయంత్రం మా ఆవిడకు సంగతంతా చెప్పాను. అంతా విని, "తప్పు మీరు రాసి దిద్దమని ఇంకెవరికి చెబుతారు?" అని కూరలు తరుక్కోవడానికి లేచింది. మా ఇంట్లో తీర్పులు ఎప్పుడూ అంత పొడుగే.

మర్నాడు రాళ్లు లేకుండా, రోవరు ఒక్కటే తీసుకుని బీలకు వెళ్లాను. రోవరుతో ఒక బిందువు తీసుకోవాలంటే కర్రను నిటారుగా, కదలకుండా పట్టుకోవాలి. ఉపగ్రహాలతో లంకె కుదిరితే 'ఫిక్స్' అని చూపిస్తుంది. బురదలో కర్ర దిగిపోతుంటే సింహాచలం ఒక చెక్కపలక తెచ్చి కింద వేశాడు. ముడి ముడికీ బిందువు తీశాను. ప్రతి బిందువుకీ ఒక పేరు ఇవ్వాలి. మామూలుగా రాయి ఒకటి, రాయి రెండు అని కొడతాం. ఇక్కడ రాళ్లు లేవు కాబట్టి ఎవరి ముడో వాళ్ల పేరు కొట్టాను. అది తెలిసి ఆడవాళ్లు ఒకరి తర్వాత ఒకరు వచ్చి తమ పేరు ఎలా పడిందో చూపించమన్నారు. చదవడం రానివాళ్లు కూడా తెర మీద వేలు పెట్టి ఇదేనా నా పేరు అని అడిగారు. "నాది పెద్ద అచ్చరాలతో ఎయ్యి బాబూ, నా వాట పెద్దది గదా," అని ఒకావిడ అంటే మిగతావాళ్లు పడీపడీ నవ్వారు. ఆ పని మూడు రోజులు పట్టింది. నా సర్వీసులో ఇంత హాయిగా చేసిన కొలత ఇంకొకటి లేదు.

పటం గీసి, వాటల వరసలు చూపించి, దాని కింద పంచనామా రాశాను. పంచనామా అంటే ఊరి పెద్దమనుషుల ఎదుట చూసింది చూసినట్టు రాసి సంతకాలు తీసుకోవడం. ఈసారి పెద్దమనుషులంటే ఆడవాళ్లే. ఏ నెలలో నీళ్లు, ఏ నెలలో కోత, ఏ నెలలో ఊరు ఊరంతా ఉప్పు మళ్లలో ఉంటుందో అన్నీ రాశాను. సింహాచలం సాక్షి సంతకం పెట్టాడు. పెట్టేముందు, ఆ రోజు తాను సరిగ్గా చెప్పలేదేమో అని నసిగాడు. నువ్వు సరిగ్గానే చెప్పావు, నేనే సగం విన్నాను అన్నాను.

తహసీల్దారుగారు నివేదిక రెండుసార్లు చదివారు. "మీ మీదకే వస్తుందండీ," అన్నారు. తెలుసన్నాను. నివేదికను పైకి పంపారు. పంపేటప్పుడు తాను స్వయంగా వెళ్లి చూశాననీ, నివేదిక వాస్తవమనీ ఒక వాక్యం కలిపారు. దానికి ముందు నిజంగానే వెళ్లారు. చెప్పులు చేత పట్టుకుని నీళ్లలో దిగి, రాజులమ్మ వరస దాకా నడిచి వచ్చారు. ఆవిడ ఆ వాక్యం రాయకపోతే నా కాగితానికి విలువ ఉండేది కాదు.

సంజాయిషీ నోటీసు నెల తిరక్కుండానే వచ్చింది. మొదటి నివేదికలో భూమి ఖాళీ అని ఏ ఆధారంతో రాశారని అడిగారు. రెండు పేజీల జవాబు రాసి చింపేశాను. తర్వాత, 'మే నెలలో ఒక మధ్యాహ్నం చూసి రాశాను, విచారించలేదు' అని ఒక వాక్యం రాసి ఇచ్చాను. విచారణాధికారి దాన్ని చూసి ఇంకేమైనా చెప్పుకునేది ఉందా అని అడిగారు. లేదన్నాను. నా సర్వీసు రిజిస్టరులో మందలింపు నమోదయింది. ముప్పై నాలుగేళ్లలో అదొక్కటే.

మాఘం రాకముందే, తుంగ ఇంకా నిలబడి ఉండగానే, జిల్లా అధికారులు ఉమ్మడి తనిఖీకి వచ్చారు. తనిఖీ మే నెలకు వాయిదా పడకుండా చూడమని తహసీల్దారుగారిని నేను బతిమాలుకున్నాను. వచ్చినవాళ్లు చూశారు. బీలలో ఎక్కువ భాగం కేటాయింపు నుంచి తీసేశారు. వర్గం గడిలో బంజరు అలాగే ఉంది. బీల అనే వర్గం మా పట్టికలో లేదు, కొత్తది చేర్చే అధికారం మాకెవరికీ లేదు. రిమార్కుల గడిలో మాత్రం 'తుంగ కోత, ఉమ్మడి వినియోగం' అని ఎక్కింది.

అయితే అంతా దక్కలేదు. రోడ్డు పక్కనున్న గట్టు ముక్కను కంపెనీకి ఉంచేశారు. అక్కడ నీళ్లు తక్కువ, తుంగ పలచన, మొదటి నివేదిక ఆ ముక్క వరకు సరిపోతుందన్నారు. అది పాలిచ్చే తల్లుల వాట అని చెప్పాను. పటంలో రాజులమ్మ పేరు చూపించాను. దూరం ఎంతని అడిగారు. పిల్ల ఏడుపు వినబడేంత అని చెప్పలేక, ఇరవై అడుగులన్నాను. ఇరవై అడుగుల గురించి ఇంత రాద్ధాంతం ఎందుకన్నారు. ఆ రోజు గున్నమ్మ కొలతనే చెప్పి ఉండవలసింది. చెప్పినా వినేవారు కారేమో. కానీ చెప్పలేదన్న బాధ నాకింకా ఉంది. కొన్నాళ్లకు ఆ ముక్కలో ఎర్రమట్టి పోసి చదును చేశారు. నేను మేలో రాసిన మాట అక్కడ నిజమైంది.

తర్వాతి దసరాకు నేను ఇంకా ఉద్యోగంలోనే ఉన్నాను. దసరా వెళ్లిన మంగళవారం సెలవు పెట్టుకుని బీలకు వెళ్లాను. ముళ్లు వేస్తున్నారు. గున్నమ్మ నన్ను చూసి, "వచ్చినావా? రా, కూకో," అంది. ఆ నువ్వు ఏ నువ్వో నాకు ఈసారి అనుమానం రాలేదు.

రాజులమ్మ పిల్లతో కొత్త ఎర్రమట్టి అంచున కూర్చుని ఉంది. ఆమె పక్కన చంటిపిల్లలతో మరో ఇద్దరు. ముగ్గురి చేతుల్లోనూ కొడవళ్లు లేవు. గట్టు పక్క వాట పోయింది కదా, మరి వీళ్లది ఈ ఏడు ఎక్కడ అని గున్నమ్మను అడిగాను.

ఆవిడ తుంగలోకి చెయ్యి చూపించింది. ప్రతి వరసలోనూ ముడి మామూలుకంటే ఒక మూర లోపలికి జరిగి ఉంది. వరసకీ వరసకీ నడుమ మూరెడు వెడల్పున తుంగ ఎవరిదీ కాకుండా మిగిలింది. దాన్ని అటువాళ్లూ ఇటువాళ్లూ కోసి, మోపులు కట్టి ముగ్గురు తల్లులకూ ఇస్తారు. పోట్లాడుకోకుండా ఎలా ఒప్పుకున్నారని అడిగాను.

"ఒప్పుకోడమేటి? రేపు ఆల్లకీ పిల్లలుంతారు," అంది. "ఈల్ల వాట పోనేదు బాబూ. అందరి వాటలోనూ ఉన్నాది."

నేను మెరక మీదే కూర్చుని, పొద్దెక్కేదాకా వాళ్లు ముళ్లు వేయడం చూశాను. నా కాగితం పోగొట్టిన దాన్ని వాళ్లు మూరలుగా పంచుకుని నింపుకుంటున్నారు. నాకు కన్నీళ్లు వచ్చాయి.

విరమణ తర్వాత, కొత్త సర్వేయర్ల శిక్షణకు నన్ను రెండుసార్లు పిలిచారు. యంత్రాల సంగతి నాకంటే వాళ్లకే బాగా తెలుసు. అందుకని నేను ఈ ఒక్క సంగతే చెప్పాను. బంజరు అన్న మాట భూమి గురించి చెప్పేది తక్కువ. దాన్ని రాసినవాడు ఏ నెలలో వెళ్లాడో, ఎంతసేపు నిలబడ్డాడో, ఎవరిని అడగకుండా వచ్చేశాడో అది ఎక్కువగా చెబుతుంది. భూమి ఖాళీ అని రాయాలంటే పన్నెండు నెలలూ చూసి రాయాలి. అంత తీరిక ఏ సర్వేయరుకూ ఉండదు. ఉండనప్పుడు, ఫలానా తేదీన నేను వెళ్లాను, ఆ పూట నాకెవరూ కనబడలేదు అని రాయాలి. నాకు తెలిసిన నిజం ఆ రోజు అంతవరకే.